అద్దం మీది మురికి

“ఇల్లంతా దుమ్ము పేరుకుపోయి ఉంటే, నువ్వు కంప్యూటర్ ముందు కూర్చుని దుమ్ము తయారుచేస్తున్నావా?” అన్నాడు మా ఆయన శనివారం పొద్దున, టీ కప్పు పట్టుకుని నా వెనకాల నిలబడి. అది జోకే. మా ఆయన జోకులకి ఒక సుగుణం ఉంది. నవ్వితే నేను తప్పు ఒప్పుకున్నట్టు, నవ్వకపోతే నాకు హాస్యం తెలియనట్టు. పదమూడేళ్ళుగా ఈ రెండిట్లో ఏదో ఒకటి ఎంచుకుంటూ వస్తున్నాను. ఆ రోజు మాత్రం నవ్వనూ లేదు, నవ్వకుండానూ లేను. నిజంగానే దుమ్ము తయారుచేస్తున్నాను కాబట్టి “అవును” అన్నాను. ఆయన కప్పు నా బల్ల మీదే పెట్టేసి వెళ్ళిపోయాడు. కప్పు అడుగున తడి, నా కాగితాల మీద గుండ్రంగా మరక. ఇంకో రోజైతే గబగబా తుడిచేసేదాన్ని. ఆ రోజు దాన్ని కూడా స్కాన్ చేసి పెట్టుకున్నాను.

మా ఆఫీసులో నన్ను ‘క్లీనింగ్ మేడం’ అంటారు. చీపురు పట్టే ఉద్యోగం కాదు, అదో డిజైన్ స్టూడియో. పోస్టర్లు, పుస్తకాల అట్టలు, ప్రకటనలు చేస్తాం. చేస్తాం అంటే వాళ్ళు చేస్తారు, నేను తుడుస్తాను. నగల ప్రకటనలో అమ్మాయి మెడ మీద ముడతలు తుడుస్తాను. అమ్మకానికి పెట్టిన ఇళ్ళ ఫొటోల్లో ఆకాశానికి అడ్డొచ్చిన కరెంటు తీగలు తుడుస్తాను. హోటల్ వాళ్ళ బల్ల మీద వాలిన ఈగని కూడా నేనే తోలాలి, మౌస్‌తో. తొమ్మిదేళ్ళ క్రితం చేరినప్పుడు నేనూ డిజైనర్‌నే. మొదటి నెలలో ఎవరో సెలవు పెడితే ఒక ఫొటో శుభ్రం చేసి ఇచ్చాను. “అబ్బ, మేడం చెయ్యి పడితే తళతళే!” అన్నాడు మా బాసు. ఆ మెచ్చుకోలుకి పొంగిపోయాను చూడండీ, అదే నా కొంప ముంచింది. అప్పట్నుంచి అందరి ఫైళ్ళూ ఆఖరున నా దగ్గరికే వస్తాయి, అందరూ తిన్న కంచాలు వచ్చినట్టు. నాకూ ఒక పోస్టర్ ఇవ్వమని రెండుసార్లు అడిగాను. “నీలా తుడిచేవాళ్ళు ఎక్కడ దొరుకుతారమ్మా?” అన్నాడు రెండుసార్లూ. కాదనడానికి అంతకంటే తియ్యటి మాట ఎవరూ కనిపెట్టలేదు.

ఆ శనివారానికి రెండు రోజుల ముందు, గురువారం నాడు నాటకాల మేడం వచ్చింది. అరవై దాటిన మనిషి, తెల్లగా పొట్టిగా కత్తిరించుకున్న జుట్టు, కుర్చీ చూపిస్తే కూర్చోకుండా గోడల మీది పోస్టర్లన్నీ ఒక చుట్టు చూసి వచ్చింది. వాళ్ళ కొత్త నాటకం ఒక బట్టల ఫ్యాక్టరీలో ఆడవాళ్ళు చేసిన సమ్మె గురించి. నలభై ఏళ్ళ క్రితం వాళ్ళక్క ఆ ఫ్యాక్టరీలోనే గుండీలు కుట్టేదట. సమ్మె కరపత్రాన్ని ఆఫీసు గదిలోని జిరాక్స్ మిషన్ మీద, భోజనాల వేళ గుమాస్తాలు బయటికి పోయినప్పుడు, దొంగతనంగా తీసేవాళ్ళట. అసలు కాగితం సూపర్‌వైజర్ లాక్కున్నాడు. మిగిలిన కాపీకి కాపీ, దానికి మళ్ళీ కాపీ. “చివరికి వచ్చేసరికి అక్షరాలు చెదలు తిన్నట్టు ఉండేవి. అయినా అందరికీ అర్థమయ్యేది. మా పోస్టర్ అలా ఉండాలి. చూస్తే చేతికి మసి అంటుకుంటుందేమో అనిపించాలి” అంది.

ఆ పని మా హెడ్‌ఫోన్స్‌కి ఇచ్చాడు బాసు. చెవుల మీంచి ఆ వస్తువు తియ్యడు కాబట్టి ఆ కుర్రాడి పేరు అదే అయిపోయింది. చెడ్డవాడు కాదు. గంటన్నరలో చేసేశాడు. ఇంటర్నెట్‌లోంచి ఒక మురికి కాగితం బొమ్మ దించుకుని, అది పోస్టర్ అంత పెద్దది కాకపోవడంతో పక్కపక్కన నాలుగుసార్లు అతికించి, పైన అక్షరాలు పెట్టాడు. మర్నాడు చూడ్డానికి వచ్చిన నాటకాల మేడం కళ్ళజోడు పైకి తోసుకుని తెర దగ్గరికి వంగింది. “ఈ వెంట్రుక చూడు బాబూ. ఇక్కడ పడింది. ఇదిగో ఇక్కడా పడింది. ఇక్కడా అదే. ఒకే వెంట్రుక మూడుసార్లు రాలుతుందా?” అని అడిగింది. హెడ్‌ఫోన్స్ మొదటిసారి హెడ్‌ఫోన్స్ తీశాడు. “ఇది మురికి కాదు, మురికి వేషం” అందామె. బాసు ఏదో సర్దిచెప్పబోతున్నాడు. అప్పుడు నా నోట్లోంచి, నన్ను అడక్కుండానే, “నేను చేస్తానండీ” అని వచ్చేసింది.

“నువ్వా? నువ్వు మురికి తీసేదానివి కదమ్మా!” అన్నాడు బాసు. నాటకాల మేడం నా వంక తిరిగింది. “తీసేవాళ్ళకే తెలుస్తుంది అదెక్కడ ఉంటుందో. సోమవారం తీసుకురా” అంది. ఆమె వెళ్ళిపోయాక బాసు నా బల్ల దగ్గరికి వచ్చి, గొంతు తగ్గించి, “సరే, నీ సరదా ఎందుకు కాదనాలి. కానీ సోమవారం ఆవిడకి నచ్చకపోతే మాత్రం ఇంకెప్పుడూ ఈ మాట ఎత్తొద్దు” అన్నాడు. సరదా! తొమ్మిదేళ్ళ నా ఆకలి ఆయనకి సరదాగా కనిపించింది. అయినా తలూపాను. నాకు కావలసింది ఆ సోమవారం ఒక్కటే.

ధైర్యం ఊరికే రాలేదు. మా వెనక బాల్కనీలో, బట్టలుతికే మిషన్ పక్కన, ఒక ముసలి జిరాక్స్ మిషన్ ఉంది. రెండేళ్ళ క్రితం మా వీధి చివర జిరాక్స్ షాపు మూసేస్తుంటే, పాత ఇనుము వాడికి వెయ్యబోతున్న దాన్ని నేను తెచ్చుకున్నాను. “ఏనుగుని కొన్నావు, ఇక మేపు” అన్నాడు మా ఆయన. దాని అద్దం మీద ఇరవయ్యేళ్ళ ఊరి చరిత్ర ఉంది. ఎవరెవరి సర్టిఫికెట్ల జిగురు, తెల్ల ఇంకు చుక్కలు, వేలిముద్రలు, ఒక మూల సన్నటి గీత. ఏ కాగితం పెట్టినా ఆ అద్దం తన మాట ఒకటి కలిపి ఇస్తుంది. బట్టలు తిరుగుతున్న ముప్పావుగంట నాది. అందరూ నేను బట్టలు ఉతుకుతున్నాననుకునే ఆ ముప్పావుగంటలో దానితో ఆడుకుంటూ నేర్చుకున్నాను. కాపీకి కాపీ తీస్తూ పోతే నాలుగోదానికి బూడిదరంగు పారిపోతుంది, నలుపూ తెలుపే మిగులుతాయి. ఆరోదానికి అక్షరాల అంచులు రాలడం మొదలవుతుంది. ఏడోదానికి అక్షరం లావెక్కి, పొట్టలు పూడిపోయి, అయినా చదవడానికి వస్తుంది. ఎనిమిదోది దండగ. లైటు నడుస్తుండగా కాగితాన్ని కొంచెం లాగితే గీతలు మైనంలా సాగుతాయి. మూత తెరిచి ఉంచితే అంచుల్లో చిక్కటి నలుపు వస్తుంది.

శనివారం ఎలా పోయిందో చెప్పను, మీ ఇంట్లోనూ అలాగే పోయుంటుంది. మా ఆయన స్నేహితుడు పెళ్ళాం పిల్లలతో భోజనానికి వచ్చాడు. “ఏదో సింపుల్‌గా చెయ్యి, వాళ్ళేం పరాయివాళ్ళు కాదు” అన్నాడు మా ఆయన. సింపుల్ అంటే నాలుగు రకాలని అర్థం. వాళ్ళు వెళ్ళేసరికి సాయంత్రం అయింది. ఆ రాత్రికి నా చేతికి వచ్చినవి రెండే రెండు మచ్చల కాపీలు. పెద్ద పోస్టర్‌లో ఏ మచ్చా రెండోసారి కనబడకూడదంటే కనీసం పది కావాలి. పర్వాలేదు, ఆదివారం ఉందనుకున్నాను.

ఆదివారం పొద్దున్నే కూరగాయలకి వెళ్ళి తొమ్మిదింటికల్లా వచ్చేశాను. బాల్కనీలో మా అత్తయ్య పీట వేసుకుని కూర్చుని ఉంది. పక్కన సబ్బునీళ్ళ బకెట్టు, నలిపిన న్యూస్‌పేపర్లు, చేతిలో ఒక పాత మసిగుడ్డ. నన్ను చూసి మొహం వెలిగించుకుని, “ఎంత జిడ్డు పట్టిందే తల్లీ! గంటన్నర పట్టింది. నిన్న సాయంత్రం అంతా ఈ డొక్కుతో కుస్తీ పడుతున్నావు కదా, మచ్చలు పడుతున్నాయని. చూడు ఇప్పుడు” అని మూత ఎత్తింది. అద్దంలో ఆకాశం కనబడుతోంది. జిగురు లేదు, తెల్ల ఇంకు లేదు, వేలిముద్రలు లేవు. ఆ మూల గీత ఒక్కటే తుడవడానికి లొంగక మిగిలింది.

“ఎవరు కడగమన్నారు మిమ్మల్ని?” అని అరిచాను. పదమూడేళ్ళలో అత్తయ్య మీద గొంతు లేపడం అదే మొదలు. లోపల్నుంచి టీవీ శబ్దం తగ్గింది. మా ఆయన వింటున్నాడన్నమాట, రావడం లేదు. “నాకు కావలసింది ఆ మచ్చలేనండీ! రేపు చూపించాలి. ఇది పోతే ఇక జన్మంతా ఊళ్ళోవాళ్ళ మొటిమలు తుడుచుకుంటూ కూర్చోవాలి నేను” అంటూ సంచీ కింద పడేసి ఏడ్చేశాను. ఉల్లిపాయలు దొర్లుకుంటూ బకెట్టు దాకా పోయాయి. అత్తయ్య గుడ్డ వంకా నా వంకా మార్చి మార్చి చూసింది. ఆమె చేతులు నీళ్ళలో నాని ముడతలు పడి ఉన్నాయి. నాకు కోపం వస్తూనే ఉంది, సిగ్గూ వేస్తోంది. ఆమె గుడ్డని మోకాలి మీద పరుచుకుని, “నలభై ఏళ్ళుగా ఈ ఇల్లు కడుగుతున్నాను. కడగలేదని తిట్టినవాళ్ళే కానీ, కడిగానని తిట్టింది నువ్వొక్కదానివే” అంది.

ముందు ఎవరు నవ్వారో గుర్తులేదు. ఆమేనేమో. నవ్వితే ఆమె భుజాలు ఎగిరెగిరి పడతాయి. నేనూ ముక్కు తుడుచుకుంటూ నవ్వాను. “మురికి కావాలంటే ముందే చెప్పొచ్చు కదే పిచ్చిదానా, ఈ ఇంట్లో దానికేం కరువు?” అంటూ లేచింది. పీట మీంచి లేవడానికి ఎప్పుడూ నా భుజం పట్టుకునే మనిషి, ఆ రోజు పట్టుకోకుండానే లేచింది.

తర్వాత ఒక గంట మా ఇంట్లో జరిగింది చెబితే ఎవరూ నమ్మరు. అత్తయ్య బట్టల మిషన్ జాలీ విప్పి అందులోంచి నూలు తుక్కు తీసింది. గుమ్మం ముందు పట్టాని కాగితం మీద దులిపింది. టీపొడి డబ్బా అడుగున మిగిలిన నుసి, గిన్నెలు తోమే పీచు, అరిగిపోయిన రబ్బరు గ్లవ్, చీపురు పుల్లలు, ఒక్కొక్కటే తెచ్చి పళ్ళెంలో సర్దింది. పదకొండేళ్ళ మా అమ్మాయి చప్పుడు విని వచ్చి, “నానమ్మా, నా బ్యాగు అడుగున రబ్బరు పొట్టు ఉంది, కావాలా?” అంది. “తేవే, బంగారం!” అంది నానమ్మ. ఒక్కొక్కటి అద్దం మీద చల్లడం, కాపీ తియ్యడం, ఆ కాపీ మీద మళ్ళీ ఇంకోటి. దుమ్ము ఎలా పడాలో చెప్పడానికి నాకు తొమ్మిదేళ్ళ చదువు పనికొచ్చింది. దుమ్ము సమానంగా పడదు. మూలల్లో ఎక్కువ, మడతల్లో ఎక్కువ, బొటనవేలు పట్టుకునే చోట మసక. నేను తుడిచిన ప్రతి మచ్చా నాకు తన చిరునామా ఇచ్చి పోయిందని అప్పుడే తెలిసింది.

అన్నిటికంటే ఆఖరున అత్తయ్య అద్దం తుడిచిన ఆ మసిగుడ్డ కనబడింది. ఇంకా తడిగా ఉంది. దాన్ని పిండి, ఒక ప్లాస్టిక్ కాగితం పరిచి, అద్దం మీద వేశాను. లైటు అటునుంచి ఇటు నడిచింది. బయటికి వచ్చిన కాగితం మీదికి ముగ్గురం వంగాం. గుడ్డ నేతంతా పోగుపోగునా విప్పి పెట్టినట్టు వచ్చింది. చిరుగుల దగ్గర పోగులు తెగి నల్లటి గాలిలో వేలాడుతున్నాయి. అరిగిపోయిన చోట తెల్లటి మబ్బు. ఒక పక్కన చిన్న కుట్టు, ఎంతో సన్నగా, ఒక్క టాకా కూడా వంకర లేకుండా.

“అది నా జాకెట్టు” అంది అత్తయ్య. “ఆ కుట్టు నేనే వేసుకున్నాను. టెలిఫోన్ ఆఫీసులో పదకొండు నెలలు ఉద్యోగం చేశాను, చెప్పలేదూ నీకు? ఇది తొడుక్కునే వెళ్ళేదాన్ని. వీడు కడుపులో పడ్డాక, ఇంక చాలన్నారు.” చెప్పలేదు. పదమూడేళ్ళలో ఒక్కసారీ చెప్పలేదు. నేనూ అడగలేదు. ఆమెకి ఉద్యోగం ఉండేదేమోనన్న ఊహ కూడా నాకు ఏనాడూ రాలేదు. అందరూ నా గురించి అనుకున్నట్టే నేనూ ఆమె గురించి అనుకున్నాను, పుట్టడమే గుడ్డ చేత్తో పట్టుకుని పుట్టిందని. ఆ మాట ఆమెతో అనలేదు గానీ, “బాగా చేసేవారా?” అని అడిగాను. “నా లైను ఒక్కసారి కూడా తప్పు కలవలేదు” అంది, కాగితం వంకే చూస్తూ.

పన్నెండున్నరకి మా ఆయన బాల్కనీ గుమ్మంలోకి వచ్చాడు. నేల నిండా నూలు తుక్కు, కూతురి ముక్కు మీద మసి, తల్లి చేతిలో చీపురు పుల్ల. “ఏమైంది మీ ముగ్గురికీ? ఇల్లు ఇలా… మరి భోజనం సంగతి?” అన్నాడు. నేను అలవాటుగా లేవబోయాను. అత్తయ్య నా భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టింది. “పొయ్యి అక్కడే ఉందిరా, నువ్వు పుట్టకముందు నుంచీ. వెళ్ళి పలకరించు” అంది. ఆయన కాసేపు నిలబడ్డాడు, జోకేమో అని. కాదని తెలిశాక వెళ్ళాడు. వంటింట్లోంచి అరగంటలో పదకొండుసార్లు పిలుపు వచ్చింది, ఉప్పెక్కడ, మూతెక్కడ, ఇది ఆపాలా వద్దా అని. మా అమ్మాయి వేళ్ళ మీద లెక్కపెట్టింది. ఆ పూట అన్నీ కొంచెం మాడాయి. నేను రెండుసార్లు వడ్డించుకున్నాను. ఎవరో చేసిపెడితే తినడం ఎంత బాగుంటుందో మర్చిపోయాను నేను.

మధ్యాహ్నం నాటకం పేరుని లావు అక్షరాలతో అచ్చు తీసి మిషన్‌లో పెట్టాను. అత్తయ్య పక్కన కూర్చుని “ఒకటి, రెండు” అని లెక్కపెట్టింది. ఏడు దగ్గర ఆపేశాను. అన్నిటినీ కంప్యూటర్లోకి ఎక్కించాను. బూడిదరంగు మొత్తం తీసేసి, నలుపుని నలుపుగా, తెలుపుని తెలుపుగా విడదీశాను. ఒకదాని మీద ఒకటి పరిచి, తెలుపు మాయమై కింది బొమ్మ మీద నలుపు రజను మాత్రమే నిలిచేట్టు కలిపాను. గుడ్డ నేతని పెద్దది చేసి పోస్టర్ అంతా పరిచాను, అక్షరాల మీంచి కూడా. ఎక్కువైన చోట కొంచెం చెరిపాను, అంతే. ఆ కుట్టుని మాత్రం కదపలేదు. పోస్టర్‌లో, నాటకాల మేడం ఇచ్చిన పాత ఫొటోలోంచి తీసుకున్న, సమ్మె చేస్తున్న ఆడవాళ్ళ వరస ఉంది, వాళ్ళ చేతులు ఒకదాన్నొకటి పట్టుకున్న చోట ఆ కుట్టు వచ్చి కూర్చుంది. నేను పెట్టలేదు. పరిచినప్పుడు అదే అక్కడికి వచ్చింది, నేను ఉండనిచ్చాను.

సోమవారం నాటకాల మేడం పోస్టర్ ముందు కళ్ళజోడు పైకి తోసుకుని చాలాసేపు వంగింది. ఒక వెంట్రుక కోసం వెతుకుతోందని నాకు తెలుసు. ఆమె వెతికి వెతికి, చివరికి కాగితం మీద వేలు పెట్టి రాసి, ఆ వేలు తిప్పి చూసుకుంది. మసి అంటలేదు. అప్పుడు నవ్వింది. “ఏంటిది? ఈ నేత?” అని అడిగింది. “మా ఇంటి మసిగుడ్డండీ. అంతకుముందు మా అత్తగారి జాకెట్టు” అన్నాను. ఆమె కుట్టు ఉన్న చోట వేలు కాసేపు ఉంచి, “ఈ ఏడాది ఇంకో ఆరు నాటకాలున్నాయి. ఆరూ ఈ అమ్మాయే చెయ్యాలి. వేరేవాళ్ళయితే నాకొద్దు” అని బాసుతో అంది.

ఆమె వెళ్ళాక హెడ్‌ఫోన్స్ నా దగ్గరికి వచ్చి, “అక్కా, నాకు నేర్పిస్తావా?” అన్నాడు. “శనివారం మా ఇంటికి రా. గుమ్మం ముందు పట్టా దులపడంతో మొదలుపెడదాం” అన్నాను. నిజంగానే అన్నాను. తర్వాత బాసు వచ్చాడు. మొహమంతా నవ్వే. “నాకు ముందే తెలుసమ్మా నీలో ఇంత ఉందని! ఒక పని చేద్దాం. పొద్దున్నంతా మామూలుగా ఫొటోలు క్లీన్ చేసెయ్, మధ్యాహ్నం నుంచి నీ పోస్టర్లు చూసుకో. నీకు రెండూ వెన్నతో పెట్టిన విద్యే కదా” అన్నాడు. మళ్ళీ అదే తియ్యటి గొంతు. తొమ్మిదేళ్ళ క్రితం ఆ గొంతుకే పొంగిపోయాను. ఈసారి నాలో ఏదీ పొంగలేదు. “పోస్టర్లు చేస్తానండీ. ఫొటోలు ఇక చెయ్యను” అన్నాను. గట్టిగా అనలేదు, టైమెంతైందో చెప్పినట్టు అన్నాను.

ఆయన నవ్వు సగంలో ఆగింది. నా బల్ల మీద శుభ్రం కావాల్సిన ఫైళ్ళ జాబితా వంకా, నా వంకా చూశాడు. “మరి ఇవన్నీ ఎవరు తుడుస్తారు?” అన్నాడు.

పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచి, ఏ గదిలో ఎవరు ఆ ప్రశ్న అడిగినా జవాబు నేనే అయ్యాను. ఆ రోజు ఆఫీసు గదిలో ఆరుగురం ఉన్నాం. నేనూ మిగతావాళ్ళలాగే, ఎవరు జవాబు చెబుతారా అని ఆయన వంక చూస్తూ కూర్చున్నాను.